కడియం తీయడం నేర్పిన మాణిక్యాంబ గారు

పొద్దున్నే దుకాణం తెరిచి, వెండి కడగడానికి చితక్కొట్టిన కుంకుడుకాయల మీద వేడినీళ్ళు పోస్తాను. నురుగు పైకి లేస్తుంటే దానితో పాటు కొంచెం పుల్లగా, కొంచెం కళ్ళు మండించేటట్టుగా ఒక వాసన లేస్తుంది. బయట తార్నాక చౌరస్తాలో బస్సుల పొగ ఉంటుంది. పక్క హోటల్లో ఇడ్లీల ఆవిరి ఉంటుంది. నెత్తి మీద నుంచి మెట్రో రైలు గడగడమని పోతూ ఉంటుంది. ఇన్ని ఉన్నా ఆ కుంకుడు వాసన అన్నింటినీ పక్కకు నెట్టి, మాణిక్యాంబ గారిని తీసుకొచ్చి నా ఎదురుగా కూర్చోబెడుతుంది. నేనూ ఒక్క నిమిషం పని ఆపి కూర్చుంటాను.

ఆమెను చూడని వాళ్ళకు ఎట్లా చెప్పాలి? మనిషి పొట్టి. నూలు చీర, మెడలో తాడు కట్టిన కళ్ళజోడు, మెరుగు పెట్టీ పెట్టీ ఎప్పటికీ నల్లగా ఉండిపోయిన బొటనవేలి గోరు. సొంతూరు మచిలీపట్నం వైపు. తండ్రి వెండిపని చేసేవాడట. కొడుకులు కుదురుగా కూర్చోక కూతురికి నేర్పాడని నవ్వుతూ చెప్పేవారు. భర్తకు రైల్వేలో ఉద్యోగం, మెట్టుగూడ క్వార్టర్సులో కాపురం. పిల్లలు పెద్దవాళ్ళయ్యాక తార్నాకలో, యూనివర్సిటీకి పోయే దారిలో, జిరాక్స్ షాపుకూ టైలర్ షాపుకూ మధ్య ఒక్క గది తీసుకుని వెండి వస్తువుల దుకాణం పెట్టారు. అమ్మకం తక్కువ, బాగుచేయడం ఎక్కువ. ఆడమనిషి కొలిమి ముందు కూర్చోవడం చూడటానికి మొదట్లో జనం ఆగేవారట. "చూసి చూసి వాళ్ళకే కాళ్ళు నొప్పెట్టాయి," అనేవారు.

నేను ఆమె దగ్గరికి పనికోసం పోలేదు. మా ఆయన క్యాంపస్‌లో తోటపని చేసేవాడు, నేను తార్నాకలో మూడిళ్ళలో గిన్నెలు తోమేదాన్ని. నా చదువు అయిదో తరగతితో ఆగింది. ఒక ఇంటి అమ్మగారు మూత ఊడిన వెండి కుంకుమ భరిణె ఇచ్చి, బాగుచేయించుకు రమ్మంటే తీసుకుపోయాను. మాణిక్యాంబ గారు మూత సంగతి చూడలేదు. భరిణెను వెలుతురులో పెట్టి అటూ ఇటూ తిప్పారు.

"దీన్ని తోమిందెవరు?"

"నేనేనమ్మా."

"దేంతో?"

"విభూతితోని."

"చింతపండు పెట్టి రుద్దలేదే. ఎవరైనా చెప్పారా?"

"ఎవరు చెప్తరమ్మా. చింతపండు ఎక్కువసేపు పట్టుకుంటే నా చెయ్యే మండుతది. వెండికి మండదా అనుకున్న."

ఆమె కళ్ళజోడు తీసి నన్ను చూశారు. "రేపట్నించి మధ్యాహ్నాలు ఇక్కడికి రా," అన్నారు. అంతే. గిన్నెలు తోమే చేతిని చూసి ఒక మనిషి పని ఇవ్వడం నాకు అప్పటిదాకా తెలియదు. పని ఇచ్చేవాళ్ళు నా ముఖం చూసేవారు, ఏ ఊరో అడిగేవారు, ఎన్ని సెలవులు పెడతావనేవారు. చేతిని చూసింది ఆమె ఒక్కతే.

ఆ చేతికి చాలా గర్వం వచ్చింది. పదిరోజుల్లోనే తప్పు చేసింది. క్యాంపస్‌లో పాఠాలు చెప్పే ఒక మేడం తన కడియం మెరుగు కోసం ఇచ్చి పోయింది. రెండు కొసలూ కలవకుండా మధ్యలో సందు ఉండే రకం. చెయ్యి లావైతే కొంచెం వదులు చేసుకోవచ్చు, సన్నబడితే నొక్కుకోవచ్చు. క్యాంపస్ పిల్లలు దాన్ని అడ్జస్టబుల్ బ్రేస్‌లెట్ అంటారు, మాణిక్యాంబ గారు చచ్చినా కడియమే అనేవారు. దాని చుట్టూ తీగ చెక్కి ఉంది, తీగ సందుల్లో నల్లగా ఉంది. ఆమె భోజనానికి ఇంటికి పోయి వచ్చేలోపు నేను బ్రష్షు తీసుకుని ఆ నలుపు మీద పడ్డాను. చెమటలు కారేదాకా రుద్దాను. ఒక్క చుక్క మిగల్లేదు. ఆమె రాగానే అరచేతిలో పెట్టి చూపించాను.

"ఇదేవిటి బాలమణీ?"

"మంచిగ మెరుస్తున్నది కదమ్మా. ఎన్నేండ్ల మసి పట్టిందో, అంత తీసిన."

ఆమె స్టూలు మీద కూర్చున్నారు. "అది మసి కాదే. కావాలని పెట్టిన నలుపు. అదుంటేనే తీగ కనపడుతుంది."

చూస్తే నిజమే. సున్నం వేసిన గోడ మీద సున్నంతోనే ముగ్గు వేసినట్టుంది. తీగ ఉంది, కానీ లేదు. సాయంత్రం ఆ మేడం వచ్చి కడియం చూసి, ఎవరు తోమారని అడిగింది. నేను గోడకు అతుక్కుని నిలబడ్డాను. మాణిక్యాంబ గారు తల ఎత్తకుండా, "మా దుకాణం తోమిందండి," అన్నారు. "రెండ్రోజులాగండి, నలుపు మళ్ళీ పెట్టి ఇస్తాను." మేడం నన్ను చూసింది, ఆమెను చూసింది, నవ్వి వెళ్ళిపోయింది. తిట్లు పడతాయని నేను చూస్తూనే ఉన్నాను. దుకాణం మూసేటప్పుడు ఒక్క మాట అన్నారు. "తోమే చెయ్యి మంచిదే. ఏది మురికో, ఏది పనితనమో అడిగి తోము." ఆ రెండ్రోజులూ నలుపు ఎట్లా పెడతారో నన్ను పక్కన కూర్చోబెట్టుకుని చూపించారు.

ఆ తరువాత నేర్పింది తీయడం. కడియం పెట్టుకోవడం ఎవరికైనా వస్తుంది, తీయడమే రాదు అనేవారు. జనం ఏం చేస్తారు? రెండు కొసలూ రెండు చేతుల వేళ్ళతో పట్టుకుని, తలుపు తెరిచినట్టు బార్లా లాగుతారు. రాత్రికి లాగుతారు, పొద్దున్న మళ్ళీ నొక్కుతారు. నేనూ అట్లాగే లాగబోతే ఆమె చేతి మీద చిన్నగా కొట్టి, ఒక వెండి తీగ ముక్క ఇచ్చారు.

"దీన్ని వంచు. మళ్ళీ తిన్నగా చెయ్యి. మళ్ళీ వంచు."

వంచాను. వంచుతూనే ఉన్నాను. మొదట మెత్తగా ఉంది, పోనుపోను మొండికేసింది, ఒకసారి టక్కున రెండు ముక్కలైంది.

"ఎన్నిసార్లు వంచావు?"

"లెక్కపెట్టలేదమ్మా."

"వెండి లెక్క పెట్టుకుంటుంది," అన్నారు.

తీసే పద్ధతి వేరు. ముందు కడియాన్ని మణికట్టు చుట్టూ తిప్పి, సందు మణికట్టు పక్కకు వచ్చేట్టు చేయాలి. మణికట్టు పైనుంచి చూస్తే వెడల్పు, పక్కనుంచి చూస్తే సన్నం. ఆ సన్నటి అంచు మీదుగా ఒక కొసను ముందు దాటించి, చేతిని మెల్లగా దొర్లిస్తే రెండో కొస దానంతటదే వస్తుంది. వెండిని లాగే పని లేదు. చెయ్యే కడియంలోంచి బయటికి నడిచి వస్తుంది. ఈ పని నా చేత నా మణికట్టు మీదే వారం రోజులు చేయించారు. కళ్ళు మూసుకుని చేయమనేవారు, మాట్లాడుతూ చేయమనేవారు. కుదిరితే మెచ్చుకునేవారు కాదు, ఇంకొంచెం సన్నటి సందున్న కడియం ఇచ్చేవారు.

దుకాణానికి ఒక ఆచారం ఉండేది. ఎవరు కడియం కొన్నా, అక్కడే మూడుసార్లు పెట్టి మూడుసార్లు తీసి చూపించాలి. చూపించకపోతే సంచిలో పెట్టి ఇచ్చేవారు కాదు. స్నానానికి ముందు తీయాలి, పడుకునేముందు తీయాలి, సెంటు కొట్టుకుని ఆరిన తరువాతే పెట్టుకోవాలి, చెమట తుడిచి నూలుగుడ్డలో చుట్టాలి, రబ్బరు బ్యాండు మాత్రం వేయకూడదు, వేస్తే వెండి నల్లబడుతుంది. ఇవన్నీ హాస్టలు పిల్లల చేత ఒప్పచెప్పించేవారు. ఒకసారి ఒక అమ్మాయి మూడోసారి తీయలేక చెయ్యి విదిలించుకుంటూ, "ఆంటీ, గిది వైవా కన్నా కష్టమున్నది," అంది.

"వైవా తప్పితే మళ్ళీ పెడతారమ్మా. మణికట్టు మళ్ళీ పెట్టరు," అన్నారామె.

ఏళ్ళు గడిచాయి. గిన్నెల ఇళ్ళు మూడూ మానేశాను. మెరుగు నాది, నలుపు పెట్టడం నాది, అతుకు కూడా నాదే అయింది. ఒక్కటి మాత్రం నాకు వదిలేవారు కాదు. ఎవరైనా చేతికి ఇరుక్కున్న నగతో వస్తే, ఆ చెయ్యి ఆమే పట్టుకునేవారు. "వస్తువు చెడితే బాగుచేస్తాం. చెయ్యి చెడితే ఎవరికిస్తాం?" అనేవారు. అది పెద్దవాళ్ళ పని అని నేనూ అడగలేదు. అయితే చివరి ఏళ్ళలో ఆమె వేళ్ళు వణకడం మొదలైంది. కాఫీ గ్లాసు రెండు చేతులతో పట్టుకునేవారు. చూసీ చూడనట్టు ఉండటం నాకు బాగా వచ్చు.

ఒక మధ్యాహ్నం స్రవంతి అనే అమ్మాయిని స్కూటీ మీద ఒక స్నేహితురాలు తీసుకొచ్చింది. క్యాంపస్‌లో పీహెచ్‌డీ చేస్తున్న పిల్ల. అక్కడి రాతి కట్టడం పైన పట్టు పెట్టిన తేనెటీగలు లేచి, కుడిచేతి మీద నాలుగైదు చోట్ల కుట్టాయి. డిస్పెన్సరీలో ముళ్ళు తీసి, సూది వేసి, చేతికున్న కడియం వెంటనే తీయించుకొమ్మన్నారట. ఆ పిల్ల దారిలో తనే లాగి చూసుకుంది. లాగినకొద్దీ వాపు పెరిగింది. మా ముందు చెయ్యి చాపేసరికి, పిండి ముద్దకు దారం బిగించినట్టుంది. కడియం రెండు కొసలూ మాంసంలోకి దిగి ఉన్నాయి.

"రోజూ తీస్తావా దీన్ని?" అడిగారు మాణిక్యాంబ గారు.

"లేదాంటీ. రెండేండ్ల సంది తియ్యలే. మా నానమ్మది. యూనివర్సిటీకి వచ్చే రోజు నా చేతికి తొడిగి, చదువు అయ్యేదాక తియ్యకు బిడ్డా అన్నది. కట్ చెయ్యొద్దాంటీ. ఎట్లన్న చేసి తియ్యున్రి."

మాణిక్యాంబ గారు లేచి ఆ చెయ్యి పట్టుకోబోయారు. ఆమె వేళ్ళు వణికాయి. ఆ పిల్ల చూడలేదు, నేను చూశాను, నేను చూసినట్టు ఆమె చూశారు. చెయ్యి వెనక్కి తీసుకుని కొంగులో పెట్టుకున్నారు.

"బాలమణీ, నువ్వు కూర్చో."

అంతవరకు నేను ఆమె స్టూలు మీద కూర్చోలేదు. కూర్చుని ముందు ఆ పిల్ల మోచేతి కింద దిండు పెట్టి, చెయ్యి గుండెకన్నా ఎత్తులో ఉండేట్టు చేశాను. పక్క జ్యూస్ కొట్టు నుంచి ఐసు తెప్పించి గుడ్డలో చుట్టి పెట్టాను. గోరు నొక్కి వదిలితే తెల్లబడి మళ్ళీ ఎర్రబడుతోంది. పరవాలేదు. పాత ఎక్స్‌రే ఫిల్ములోంచి కోసిన సన్నటి పట్టీలు మా దగ్గర ఎప్పుడూ ఉంటాయి. వాటిని కొసల కింద జొనిపాను, చర్మం గీసుకోకుండా. కుంకుడు రసం పోశాను. కడియం కొంచెం తిరిగింది. సందును పక్కకు తెచ్చాను. కానీ వాపు మణికట్టు సన్నదనాన్నే మింగేసింది. అంచు ఎక్కడుంది దాటించడానికి? ఒకసారి ప్రయత్నించాను, రెండుసార్లు ప్రయత్నించాను. మూడోసారి ముందు గోరు నొక్కి వదిలాను. తెల్లగా అయింది. ఎరుపు రావడానికి ఇందాకటికన్నా ఆలస్యమైంది.

"వేళ్ళు ఎట్లున్నయి బిడ్డా?"

"తిమ్మిరొస్తున్నయాంటీ."

వేలి కొసలు తాకాను. నేను ఐసు పెట్టింది మణికట్టు మీద, చల్లబడింది వేళ్ళు. తలెత్తి మాణిక్యాంబ గారి వైపు చూశాను. అతుకు కుదరనప్పుడల్లా అట్లాగే చూసేదాన్ని, ఆమె ఏదో ఒకటి చెప్పేవారు.

"నన్ను చూస్తావేవిటి. చెయ్యి నీ చేతిలో ఉంది," అన్నారు.

ఇంకొంచెం ఐసు పెడితే, ఇంకొంచెంసేపు చూస్తే వాపు దిగుతుందేమో. దిగితే కడియం నిలుస్తుంది, నా పేరు నిలుస్తుంది, ఇరుక్కున్న కడియం ముక్క కాకుండా తీసిందని హాస్టలు హాస్టలంతా చెప్పుకుంటారు. ఆ ఆశ నాకు లేదంటే అబద్ధం. దిగకపోతే? నేను బల్ల సొరుగు లాగి కట్టర్ తీశాను.

ఆ పిల్ల చెయ్యి గుంజుకోబోయింది. "వద్దాంటీ, నానమ్మకు మాటిచ్చిన."

"మీ నానమ్మ ఈ కడియం ఏడికెళ్ళి తీసి నీకు తొడిగింది?"

"తన చేతికెళ్ళే."

"ఆమె తీసిందంటే తియ్యచ్చన్నట్టే కద బిడ్డా. ఇటు పెట్టు చెయ్యి."

ఆ పిల్ల ముఖం అటు తిప్పుకుని చెయ్యి ఇచ్చింది. సందుకు సరిగ్గా ఎదురుగా, వెనకవైపు, నగిషీ లేని చోటు వెతికి, కింద ఎక్స్‌రే పట్టీ ఉందో లేదో రెండుసార్లు చూసుకుని కోశాను. గట్టిపడిన పాత వెండి, మూడు నొక్కులకు తెగింది. రెండు ముక్కలూ చెరోవైపు జారిపోయాయి. మణికట్టు చుట్టూ ఎర్రటి కాలువ మిగిలింది. నేను గోరు నొక్కుతూ వదులుతూ కూర్చున్నాను. రెండో నిమిషానికి నొక్కిన వేలు వదలగానే ఎరుపు పరిగెత్తుకొచ్చింది.

ఆ పిల్ల ఏడుస్తూనే, "ముక్క కాకుండ మీరు తీస్తరని వచ్చిన," అంది నాతో.

"తియ్యమన్నావు, తీసింది కదమ్మా," అన్నారు మాణిక్యాంబ గారు. "ముందు మళ్ళీ డిస్పెన్సరీకి పోయి చెయ్యి చూపించుకో. కడియం ఎక్కడికీ పోదు."

వాళ్ళ స్కూటీ మలుపు తిరిగింది. నేను ముక్కలు రెండూ గుడ్డలో చుడుతున్నాను. తొందరపడ్డావని ఆమె అంటే పడాల్సిన మాటే అనుకుంటున్నాను. ఆమె వచ్చి నా ఎదురుగా, కొనుగోలుదార్లు కూర్చునే కుర్చీలో కూర్చున్నారు.

"నేనైతే ఇంకో అయిదు నిమిషాలు చూసేదాన్ని బాలమణీ," అన్నారు. "కడియం మీద మోజుతో చూసేదాన్ని. తప్పయ్యేది."

"చాయ్ తెస్తనమ్మా," అన్నాను.

తెల్లవారి ఆమె ఆ కడియాన్ని అతకనివ్వలేదు. "అతికితే మళ్ళీ ఇదే కథ. తెగిన చోట కీలు పెట్టు," అన్నారు. కీలు నేనే చేసి పెట్టాను, ఆమె వంక పెట్టలేదు. ఇప్పుడది చిన్న తలుపులా తెరుచుకుంటుంది, రెండు వేళ్ళతో వస్తుంది. స్రవంతి పది రోజులకు వచ్చి, మూడుసార్లు పెట్టి మూడుసార్లు తీసి, అక్కణ్ణించే నానమ్మకు ఫోను చేసి జరిగిందంతా చెప్పింది. అవతల ముసలావిడ గొంతు మా అందరికీ వినపడింది. "మంచిగైంది తియ్. నిద్రల నాకెప్పుడు గుచ్చుకునేది అది." మాణిక్యాంబ గారు నవ్వి నవ్వి కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు.

ఆ రోజు నుంచి చేతులు పట్టుకునే పని నాదైంది. ఎవరైనా వస్తే, "ఆ స్టూలు మీద ఉన్నావిడ చూస్తుంది," అని ఆమె కుర్చీలోంచే చెప్పేవారు. రెండేళ్ళ తరువాత జబ్బుచేసి పోయారు. ఆమె పిల్లలు పనిముట్లన్నీ నాకే వదిలేశారు. ఇప్పుడు క్యాంపస్ పిల్లలే కాదు, మల్కాజ్‌గిరి నుంచి కూడా జనం వెతుక్కుంటూ వస్తారు. అద్దెకట్టి, కొలిమి ఊది, ఒక దుకాణాన్ని నిలబెట్టానని చెప్పుకోవడానికి నాకేమీ సిగ్గు లేదు. గట్టిగానే చెప్పుకుంటాను. అయితే ఆమె దగ్గర నేర్చుకున్న వాటిలో చేతికి తొందరగా వచ్చినవి పనులే. తప్పయ్యేదని ఒప్పుకున్న ఆ అయిదు నిమిషాల మాట మాత్రం నోటికి రావడానికి చాలా ఏళ్ళు పట్టింది.

మొన్న నల్లకుంట నుంచి ఒకామె చీలిన కడియం తెచ్చింది. నాలుగు నెలలుగా మా కోడలు కవిత నా దగ్గర పని నేర్చుకుంటోంది. నేను అతకడానికి కొలిమి రాజేసి, కడియాన్ని పట్టకారుతో పట్టుకున్నాను. కవిత చెయ్యి అడ్డం పెట్టింది.

"అత్తమ్మా, ఆగున్రి. చీలిన కాడ లోపల పసుపుగ కనపడ్తున్నది. వెండి పూతేనేమో. నిప్పుల పెడితే పూత పోతది."

కళ్ళజోడు పెట్టుకుని చూశాను. లోపల ఇత్తడి. కోడలి ముందు అత్త ఏమంటుంది? నాకు తెలుసులే అంటుంది, నిన్ను పరీక్ష చేశాను అంటుంది. మా అత్త అట్లాగే అనేది. నా నోటిదాకా కూడా అదే వచ్చింది. పట్టకారు కింద పెట్టాను.

"నువ్వు చెప్పకపోతే నేను నిప్పుల పెడుతుంటి కవితా. తప్పయితుండె," అన్నాను.

కవిత మళ్ళీ మెరుగు గుడ్డ అందుకుంది. మా ఇంట్లో ఒక అత్త ఒక కోడలితో ఆ మాట అనడం అదే మొదటిసారి అయివుంటుంది. ఆ సాయంత్రమంతా ఆ పిల్ల తన స్టూలు మీద రోజూకన్నా నిటారుగా కూర్చుంది. స్రవంతి వచ్చిన రోజు నేనూ అట్లా కూర్చునే ఉంటాను. అది నాకు కనపడదు కదా, ఎదుటి కుర్చీలో ఉన్న మాణిక్యాంబ గారికే కనపడి ఉండాలి.